ఉదాసీనుడైన న్యాయాధిపతి



ఈ పూట నేను ముచ్చటింపబూనినది ఒక మాటను గుఱించి. ఆ మాట మనది కాదు, ఇంగ్లీషువారిది. వారును దానిని వాడుకనుండి తొలగించి చిరకాలమైనది. దాని రూపము ఇండిఫరెన్సీ. నేటి ఇంగ్లీషులో దాని తోబుట్టువైన ఇండిఫరెన్సు అను మాట మిగిలియున్నది. దానికి లక్ష్యపెట్టకపోవుట, పట్టనట్లుండుట అని యర్థము. ఒక న్యాయాధిపతిని ఈనాడు ఇండిఫరెంటు అన్నచో ఆయనను నిందించినట్లే. కాని నాలుగువందల యేండ్ల క్రిందట ఇంగ్లండు దేశమున న్యాయాధిపతికి అది గొప్ప పొగడ్త. ఏ పక్షమునకును ఒరుగనివాడు అని అప్పటి యర్థము.

పరదేశపు పాతమాటతో మనకేమి పని యని మీరడుగవచ్చును. పని కలదు. మన ఉదాసీనత యను మాట సరిగా అదే దారిని నడచి అదే గుంటలో పడినది. అదిగాక, బాపట్లకును చీరాలకును నడుమ రైలుమార్గముపై స్టూవర్టుపురమను ఊరు కలదు. ఆ యూరి పుట్టుకను విచారించినచో ఈ మాటయొక్క మొదటి యర్థము ఎవరికి దక్కలేదో, రెండవ యర్థము ఎవరికి దోసిళ్లకొలది దక్కెనో తెలియును. మాట కథ ముందు చెప్పి, ఊరి కథ తరువాత చెప్పెదను.

లాటిను భాషలో ఫెర్రె యనగా మోయుట. డిఫెర్రె యనగా విడివిడిగా కొనిపోవుట. అందుండి డిఫరెన్సు, భేదము అను నర్థము పుట్టెను. దానికి ముందు 'ఇన్' అనునది చేరగా, మన నఞ్ సమాసమునందువలె, నిషేధము వచ్చి భేదము లేకుండుట యయ్యెను. వాదిప్రతివాదులు వచ్చి యెదుట నిలిచినప్పుడు, వారి మాట వినకముందే తన మనస్సున వారి నడుమ భేదము పెట్టనివాడు ఇండిఫరెంటు. విన్న తరువాత భేదము పెట్టవలసినదే. పెట్టకున్న తీర్పే లేదు. భేదము కూడనిది సాక్ష్యమునకు ముందు. ఈ 'ముందు' అను మాటను దయచేసి జ్ఞాపకముంచుకొనుడు. తరువాతి కథయంతయు దానిపైననే నడచును.

1549లో ఇంగ్లండు దేశపు దేవాలయములకు స్వభాషలో ఒక ప్రార్థనాగ్రంథ మేర్పడెను. 1662లో దాని పాఠము స్థిరపడెను. అందు రాజు కొఱకును, అతని మంత్రుల కొఱకును, అధికారమందున్న వారందఱి కొఱకును చేయు ప్రార్థన యొకటి కలదు. వారు సత్యముగా న్యాయము నడపవలెనని కోరుచు, ఆ వెంటనే ఈ మాటనే వాడి, పక్షపాతము లేకుండ నడపవలెనని కోరినారు. అమెరికావారు స్వతంత్రులైన పిమ్మట 1789లో తమ ప్రార్థనాగ్రంథమును సవరించుకొనుచు, ఆ మాటను తీసివేసి ఇంపార్షియల్ అను మాటను వేసికొనిరి. అప్పటికే పాతమాట సామాన్యుల చెవికి తప్పుగా వినబడుచుండెనని దీనివలన ఊహింపవచ్చును. ఇంగ్లండువారు మాత్రము పాతమాటనే యుంచుకొనిరి. ప్రార్థనలలోని మాటలు మన మంత్రములవలెనే అంత సులభముగా మాఱవు.

షేక్‌స్పియరు నాటకములలో ఎనిమిదవ హెన్రీ కథ యొకటి యున్నది. రాజు తన రాణియైన కేథరినును విడనాడదలచి న్యాయసభను కూర్చును. ఆమె స్పెయిను దేశపు ఆడపడుచు. సభలో లేచి, నేను పరదేశమున పుట్టినదానను, ఇచ్చట నాకు ఇండిఫరెంటు అయిన న్యాయాధిపతి లేడు అని మొఱపెట్టుకొనును. నాకు దయ చూపువాడు లేడని ఆమె యనుటలేదు. పక్షము లేనివాడు లేడనుచున్నది. పరాయివారికి ముందు కావలసినది అదియే. దయ తరువాతి సంగతి.

ధర్మశాస్త్రజ్ఞులును ఈ మాటను గట్టిగా పట్టుకొనిరి. ఎడ్వర్డు కోకు అను గొప్ప న్యాయవేత్త 1628లో ప్రకటించిన గ్రంథమున జూరీవారిని గుఱించి వ్రాయుచు, ప్రమాణము చేయకముందు ఎట్లు నిలిచియున్నాడో అట్లే ఇండిఫరెంటుగా నిలిచినవాడే జూరీకి తగునని చెప్పెను. ప్రమాణము చేసినంతనే పక్షపాతము పోదు. అది ముందే లేకుండవలెనని భావము. ఆ శతాబ్దము చివర జాన్ లాకు అను తత్త్వవేత్త రాజ్యమును గుఱించి వ్రాసిన గ్రంథమున ఇంకొక మెట్టు ముందుకుపోయెను. మనుష్యులు రాజ్యమును ఏల యేర్పఱచుకొందురు? రాజ్యము లేనిచోట మూడు కొఱతలు గలవనెను. అందఱకు తెలిసిన స్థిరమైన శాసనముండదు. అందఱెఱిగిన, పక్షము లేని న్యాయాధిపతి యుండడు. తీర్పును అమలుజరుపు బలముండదు. రెండవ కొఱతను చెప్పుచోట లాకు వాడినది మన మాటయే. అనగా, అట్టి న్యాయాధిపతి దొరకనిచోట రాజ్యమున్నను లేనట్లే యని యాయన మతము. ఆయన మరణానంతరము 1706లో వెలువడిన మఱియొక గ్రంథమున, బుద్ధిని నడపుకొను విధమును చెప్పుచు, ఇండిఫరెన్సీని ప్రత్యేకముగా బోధించెను. ఇది నిజమైన బాగుండునని ముందే కోరుకొనక, ఋజువు ఎటు త్రోవచూపునో అటు పోవుటయే ఆ గుణమట.

ఇంత మంచి మాట ఎట్లు చెడినది? నాకు తోచిన కారణములు రెండు. ఆ కాలమున క్రైస్తవులలో ఆచారములను గుఱించి పెద్ద పోరాటములు జరిగెను. శాస్త్రము విధింపనివి, నిషేధింపనివి యైన ఆచారములను ఇండిఫరెంటు విషయములని పిలిచిరి. చేసినను సరే, మానినను సరే యని. మన వైష్ణవులలో వడగలై, తెంగలై నామముల వివాదము మీరెఱిగినదే. పాదము దిద్దినను దిద్దకున్నను భేదము లేదని యెవడైన పలికినచో రెండు పక్షములవారును వానిని భక్తిహీనుడనియే తలంతురు గదా! అట్లే అచ్చటను భేదము లేదన్నవాడు పట్టింపు లేనివాడుగా లెక్కకువచ్చెను. రెండవ కారణము మానవస్వభావము. వ్యాజ్యెమాడువానికి తన బాధయే లోకము. తనవైపు ఒరుగనివాడు వాని కంటికి రాయివలె కనబడును. ఇట్లు కొంతకాలమునకు నడుమ నిలిచినవాడు నడితరపువాడయ్యెను, మఱికొంతకాలమునకు మనసు లేనివాడయ్యెను. డిసింటరెస్టెడ్ అను వేఱొక ఇంగ్లీషుమాట, తన లాభము చూచుకొననివాడను నర్థముగలది, మన కన్నులయెదుటనే ఆ దారి పట్టినది.

ఇక మన మాటలు. ఉత్ అను ఉపసర్గము, ఆసీన శబ్దము కలిసి ఉదాసీనుడు. ఎడముగా, ఎత్తున కూర్చున్నవాడు. తటము గట్టు గనుక తటస్థుడు ఏటిగట్టున నిలిచినవాడు. మధ్యస్థుడు నడుమ నిలిచినవాడు. పక్షము ఱెక్క, పాతము పడుట. ఒక ఱెక్కవైపు వ్రాలుట పక్షపాతము. మన పెద్దలు ఈ మాటలను కలిపివేయలేదు. కౌటిల్యుడు అర్థశాస్త్రమున రాజమండలమును చెప్పుచు మధ్యముడను రాజును వేఱుగాను, ఉదాసీనుడను రాజును వేఱుగాను లెక్కించెను. భగవద్గీత ఆఱవ అధ్యాయమున ఉదాసీనుడు, మధ్యస్థుడు అని రెండు మాటలు ప్రక్కప్రక్కన వచ్చును. శంకరాచార్యులవారు అచ్చట చేసిన వివరణము మిక్కిలి సొంపైనది. ఎవరి పక్షమును చేరనివాడు ఉదాసీనుడట. విరోధించుకొనిన ఇరువురి మేలును కోరువాడు మధ్యస్థుడట. మన పల్లెలలో మధ్యస్థము చేయుట యని నేటికిని వాడుచున్నాము. రచ్చకట్టపై కూర్చుండి ఆ పని చేసినవారు మీలో చాలమంది యుందురు. ఈ రెండు మాటలకును గల భేదము మీకు అనుభవమున తెలియును. ఇరువురి మేలును కోరవలెనన్న, ముందు ఇరువురిలో నెవరి పక్షమును చేరకుండవలెను గదా!

గీత పండ్రెండవ అధ్యాయమున భగవంతుడు తనకు ప్రియుడైన భక్తుని చెప్పుచు, ఒక్క శ్లోకములోనే అతడు దక్షుడనియు ఉదాసీనుడనియు ననెను. దక్షుడనగా వచ్చిన పనిని వెంటనే సరిగా నిర్ణయింపగలవాడు. ఉదాసీనుడు సోమరియైనచో ఆ రెండు మాటలు ఒక శ్లోకమున ఇమడునా? త్రాసుముల్లు ఎటును ఒరుగక నిలిచియుండును. కాని ఇటు గురివెందగింజ వేసినను కదలును. అది నిద్రపోవుట లేదు. ఆ మెలకువయే పాత ఉదాసీనత. ఇప్పుడో, వార్తాపత్రిక తెఱచినచో అధికారుల ఉదాసీనతవలన చెఱువుకట్ట తెగినదని వ్రాసియుండును. మన మాటయు ఆ యింగ్లీషుమాట పడిన గుంటలోనే పడినదంటిని. ఇదియే ఆ గుంట.

మన ఇంటి లోపమును దాచి పరుల యింటిని వెదకుట న్యాయము కాదు. యాజ్ఞవల్క్యస్మృతి వ్యవహారాధ్యాయమున, శత్రువునందును మిత్రునియందును సములైనవారినే రాజు సభాసదులుగా నియమింపవలెనను విధి కలదు. ఆ స్మృతికి విజ్ఞానేశ్వరుడు వ్రాసిన మితాక్షరను మన కేతన 13వ శతాబ్దమున తెనుగు పద్యములలోనికి తెచ్చెను. అంతవఱకు చక్కగానున్నది. కాని అవే స్మృతులు ఒకే నేరమునకు వర్ణమునుబట్టి వేఱువేఱు దండనలు విధించినవి. సభాసదుడు సముడే, ఆతని చేతిలోని కొలత సమము కాదు. ఈ మాట చెప్పినందులకు కొందఱు పండితులు నాపై కినియుదురు. గ్రంథములో నున్నదానిని లేదనుట నా గురువులు నాకు నేర్పలేదు.

ఇంగ్లీషువారు ఈ దేశమునకు వచ్చినప్పుడు తమ ప్రార్థనాగ్రంథమును వెంట తెచ్చుకొనిరి. మదరాసు కోటలో సెయింటు మేరీ దేవాలయము 1680లో ప్రతిష్ఠితమైనది. కంపెనీ దొరలు అచ్చట కూర్చుండి, అధికారులు పక్షపాతము లేకుండ న్యాయము నడపవలెనను ఆ ప్రార్థనను వినుచుండిరి. కాలక్రమమున వారు శాసనములను చేసిరి. 1860లో శిక్షాస్మృతి వచ్చెను. నేరము చేసినవాడు ఎవడైనను, ఏ కులమువాడైనను, శిక్ష యొక్కటే యని దాని ధోరణి. మన పాతస్మృతులతో పోల్చినచో ఇది గొప్ప మేలని ఒప్పుకొనవలెను. అటుపై పదకొండేండ్లకే, 1871లో, దానికి నేరుగా ఎదురునడచు శాసన మొకటి వెలువడినది. అదియే క్రిమినల్ ట్రైబ్సు చట్టము, నేరస్థజాతుల చట్టము.

ఆ చట్టపు స్వరూప మిది. ఒక తెగగాని, ముఠాగాని, ఒక తరగతి జనులుగాని జామీనియ్యరాని నేరములను అలవాటుగా చేయుచున్నారని నమ్ముటకు కారణము కలదని స్థానిక ప్రభుత్వమునకు తోచినచో, వారిని నేరస్థజాతిగా ప్రకటింపవచ్చును. ప్రకటించిన పిదప వారి పేర్లు చిట్టాకెక్కును. వారు కదలుటకు, మసలుటకు కట్టుబాట్లు వచ్చును. ఆ ప్రకటన సరియైనదా కాదా యని ఏ న్యాయస్థానమును ప్రశ్నింపరాదు. ప్రకటనయే తిరుగులేని ఋజువు. మీరు మఱల ఆలోచింపుడు. లాకు చెప్పిన పక్షము లేని న్యాయాధిపతి ఇచ్చట తప్పుచేయలేదు. ఆయనను లోనికే రానీయలేదు. తలుపు మూసి గొళ్లెము పెట్టిరి. సాక్ష్యమునకు ముందే భేదము పెట్టబడినది, అది పుట్టుకనుబట్టి పెట్టబడినది. కులవృత్తులు తండ్రినుండి కొడుకునకు వచ్చు దేశములో వడ్లవాని కొడుకు వడ్లవాడైనట్లు దొంగ కొడుకు దొంగయే యగునని దానికి చెప్పిన యుక్తి.

ఇందొక చిత్రము కలదు. అప్పుడు గవర్నరు జనరలు సభలో శాసనవిషయములకు సభ్యుడు జేమ్సు ఫిట్జ్‌జేమ్సు స్టీఫెన్. ఏడాదియైన తిరుగకమునుపే, 1872లో, సాక్ష్యచట్టము వచ్చెను. దాని రచన ఆయనదే. ముద్దాయి చెడ్డనడత గలవాడను సంగతి, అతడే తన మంచినడతను ఎత్తుకొన్ననే తప్ప, నేరవిచారణలో ప్రసక్తము కాదని ఆ చట్టము విధించెను. 2024 జూలై 1వ తేదీవఱకు మన న్యాయస్థానములు ఆ చట్టముతోనే నడచినవి. దాని స్థానమున వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమమునందును ఆ విధి నిలిచియున్నది. ఒక్కని చెడునడత ఋజువుగా పనికిరాదు. ఒక జాతియంతటి చెడునడత మాత్రము ఋజువే యక్కఱలేని సత్యము! ఆ రెండు చట్టములును వెలువడినది ఒకే సభనుండి.

మొదట ఆ చట్టము ఉత్తరదేశమునకే వర్తించెను. 1911లో మూడవ చట్టముగా దానిని తిరుగవ్రాసి దేశమంతటికిని విస్తరింపగా మదరాసు రాజధానికి వచ్చెను. మన ప్రాంతమున దాని వలలో పడినవారిలో ముఖ్యులు ఎఱుకలవారు.

ఎఱుకలవారెవరు? ఎఱుక యనగా జ్ఞానము. సోదె చెప్పుట వారి స్త్రీల వృత్తి. మన యక్షగానములలో ఎఱుకలసాని వచ్చి నాయికకు ఎఱుక చెప్పనిది కథ నడువదు. వారిలో ఉప్పు ఎఱుకల, దబ్బ ఎఱుకల, కరివేపాకు ఎఱుకల, కుంచె ఎఱుకల అని తెగలు కలవు. ఈ పేర్లన్నియు పనుల పేర్లే. ఉప్పు ఎఱుకలవారు సముద్రతీరమున ఉప్పు కొని, గాడిదలమీదను ఎద్దులమీదను పెరికెలు వేసి, లోనాడులకు తోలుకొనిపోయి, ధాన్యమునకు మార్చుకొని వచ్చెడివారు. దబ్బ ఎఱుకలవారు వెదురుదబ్బలతో తట్టలు, బుట్టలు, చేటలు అల్లెడివారు. మీ తాతలనాటి గాదెలలో వారు తెచ్చిన ఉప్పు, వారల్లిన గంపలు లేకుండునా?

వారి బ్రతుకెట్లు చెడినదో చరిత్రకారులు శోధించి వ్రాసిరి. మీనా రాధాకృష్ణ యను విదుషి ఈ విషయమున చేసిన పరిశోధన ముఖ్యమైనది. ఉప్పు ప్రభుత్వపు గుత్త యయ్యెను. బాటలును, ఆపై రైళ్లును పడగా గాడిదమీది ఉప్పు నడువదయ్యెను. 1876 మొదలు 1878 వఱకు దక్షిణదేశమును మహాక్షామము పీడించెను. 1882లో మదరాసు అడవి చట్టము వచ్చి వెదురునకును పశువుల మేతకును అడ్డము పెట్టెను. తిరిగెడి వర్తకుని వర్తకము పోయినది, తిరుగుట మాత్రము మిగిలినది. స్థిరనివాసము లేక తిరుగువానిని చూచినచో అధికారికి అనుమానము. ఆ యనుమానమే ప్రకటన యయ్యెను. వారిలో దొంగతనము చేసినవారు లేరని నేననుట లేదు. ఉండిరి, ఊళ్లు భయపడినవి, నష్టపడినవి, ఆ భయము అబద్ధము కాదు. చేసినవానిని పట్టి, సాక్ష్యము విని, శిక్షింపవలెను. దానికి 1860నాటి స్మృతి చాలియుండెను.

కొత్తచట్టము ప్రకారము ప్రభుత్వము జాతిలోనివారి వ్రేలిముద్రలు తీయవచ్చును. నియమిత సమయములలో హాజరు చెప్పుమని శాసింపవచ్చును. ఒకచోట కూర్చి కాపురముంచవచ్చును, దానిని సెటిల్మెంటనిరి. పిల్లలను తల్లిదండ్రులనుండి వేఱుచేసి పారిశ్రామిక పాఠశాలలలో నుంచుటకును అధికార ముండెను. అనుమతి లేక హద్దు దాటినవానిని వారంటు లేకుండ పోలీసువాడేగాక ఊరి పెద్దగాని కావలివాడుగాని పట్టవచ్చును. ఆ కాలపు మునసబులకు, తలారులకు ఇది క్రొత్త ఉద్యోగము. పొరుగూరికి పెండ్లికి పోయినవాడు చీటి లేకున్న నేరస్థుడయ్యెను. 1924లో ఈ చట్టమునే మఱల కూర్చి వ్రాసిరిగాని సారము మాఱలేదు.

సెటిల్మెంట్లను నడపుటకు ప్రభుత్వము తానొక్కతే పూనుకొనక మిషనరీలకు అప్పగించెను. రక్షణసైన్యమని మనమనుకొను సాల్వేషన్ ఆర్మీ ఈ పనిలో ముందు నిలిచెను. దాని నాయకుడు ఫ్రెడరిక్ బూత్ టక్కరు. ఆయన పూర్వము పంజాబున సివిలు సర్వీసు ఉద్యోగి. కొలువు విడిచి మతప్రచారమునకు దిగి, కావిపంచె కట్టి, ఫకీరు సింగు అని పేరుపెట్టుకొనెను. 1908లో గోరఖ్‌పురమున డోములకు ఒక నివాసము నెలకొల్పుటతో సైన్యమువారి యీ పని మొదలయ్యెను. మన సీమలో 1913, 1914 ప్రాంతమున బాపట్ల చెంత వారు నెలకొల్పినదే స్టూవర్టుపురము. సర్ హెరాల్డు స్టూవర్టు అను నాయన అప్పుడు మదరాసు గవర్నరు కార్యనిర్వాహక సభలో సభ్యుడు. ఊరికి ఆయన పేరు పెట్టిరి. సీతానగరమునను, కావలిలోను, సిద్ధాపురములోను ఇట్టి సెటిల్మెంట్లే వెలసినవి.

ఊరి పేరునుబట్టి ఒక మాట. మన యూళ్లకు చెఱువునుబట్టియో, చెట్టునుబట్టియో, దేవునిబట్టియో, దానమిచ్చిన రాజునుబట్టియో పేళ్లు వచ్చును. ఈ యూరికి తనను కాపలా కాసిన ప్రభుత్వపు సభ్యునిబట్టి పేరు వచ్చినది. ఆ సభ్యుడు పోయెను, ఆ ప్రభుత్వము పోయెను, రైలుస్టేషను పలకపై పేరు నిలిచినది.

రక్షణసైన్యమువారిని గుఱించి పక్షపాతము లేకుండ మాటాడవలెనన్న రెండువైపుల చెప్పవలెను. వారు బడి పెట్టిరి, భూమి చూపి సేద్యము చేయించిరి, నేతపని నేర్పిరి. దొరసానులు, దొరలు తమ దేశమును విడిచివచ్చి ఆ యిసుకనేలలో కాపురముండిరి. వారిలో దయ యుండెననుటకు సందేహము లేదు. కాని వారి చేతిలోని తాళపుచెవి ప్రభుత్వపుది. హాజరు పట్టీ వారే పిలిచిరి, బయటికి పోవుటకు చీటి వారే యిచ్చిరి. చీరాలలో పొగాకు కంపెనీ కర్మాగారము రాగా సెటిల్మెంటువారు దానికి కూలీలైరి. కూలి చాలదని మానుకొని పోవుటకు స్వేచ్ఛలేని కూలీలు. కేథరిను రాణి అడిగినది దయ కాదని ఇందాక చెప్పితిని. ఎఱుకలవారికి దయ లభించినది, న్యాయసభ లభింపలేదు.

1947లో మదరాసు ప్రభుత్వము ఈ చట్టమును తన సీమలో రద్దుచేసెను. దేశమంతటను 1952 ఆగస్టు 31వ తేదీన అది తొలగెను. ఆ జాతులవారు ఆ దినమును విముక్తిదినముగా పాటింతురు. ఇప్పుడు మన రాష్ట్రమున ఎఱుకలవారు షెడ్యూల్డు తెగలలో నున్నారు. అయితే 1948లోనే మదరాసులో అలవాటుపడిన నేరస్థుల చట్టమొకటి వచ్చెను; ఆంధ్రప్రదేశ్‌లో అట్టిదే 1962లో వచ్చెను. ఇవి జాతినిబట్టి కాక మనిషినిబట్టి, అతనికి పడిన శిక్షలనుబట్టి వర్తించునవి. ఆ భేదము చిన్నది కాదు. పాత చిట్టాలు చూచుటకు అలవాటుపడిన కన్ను మాత్రము ఆ భేదమును త్వరగా గ్రహింపదు.

చట్టము పోయినను పేరు పోలేదు. తెలుగుదేశమున స్టూవర్టుపురమను మాట దొంగ అను మాటకు పర్యాయపదముగా హాస్యములకెక్కినది. 1991లో ఆ యూరి పేరుతో చలనచిత్రము వచ్చెను. 2023లోను ఆ యూరి దొంగ యొకని పేర మఱొకటి వచ్చెను. నేను ఉపాధ్యాయుడనై యున్న దినములలో ఒక బడిలో చూచితిని. ఏ బడియని చెప్పను. తరగతిలో పెన్సిలు పోయినచో నలువదిమంది పిల్లల చూపులు ఒక్క పిల్లవానివైపే తిరిగెడివి. ఆ పిల్లవాని ఊరు అందఱకు తెలిసినదే. వాడు లేచి, ఎవరును అడుగకమునుపే, తన సంచిని బల్లమీద గ్రుమ్మరించెడివాడు. ఇట్లు ఆ యేడు ఎన్నిమార్లు జరిగినదో! ఇంటికి చేర్చవలసిన పెన్సిలు బల్లక్రింద దొరకిన దినమున క్షమింపుమన్నవా రొక్కరును లేరు. పెద్దలు చూచియు చూడనట్లుండిరి. చూడుడు, సాక్ష్యమునకు ముందు ఉండవలసిన ఉదాసీనత లేదు. సాక్ష్యము దొరకిన తరువాత ఉండరాని ఉదాసీనత నిండుగా నున్నది.

ఈ రెండవ ఉదాసీనతను సహింపనివారును ఉండిరి. కవి గుఱ్ఱము జాషువగారి కుమార్తె హేమలతా లవణముగారు, ఆమె భర్త లవణముగారు 1970వ దశకమున స్టూవర్టుపురమున ప్రవేశించి, సంస్కార్ అను సంస్థమూలమున నేరము విడిచినవారికి బ్రతుకుతెరువు చూపుటకు ఏండ్ల తరబడి పాటుపడిరి. హేమలతగారు 2008లో గతించిరి. తండ్రి ఊరిచివర నిలువబడి ఎంత అవమానమును భరించి కవిత్వము చెప్పెనో ఎఱిగిన కూతురామె. ఆమెకు ఆ యూరి దారి ఎవరును చూపనక్కఱలేకపోయినది.

ఇక న్యాయస్థానపు తలుపు సంగతి. చట్టము రద్దయి డెబ్బది యేండ్లు దాటినను కొన్ని రాష్ట్రముల జైలు నియమావళులలో ఏ కులమువాడు ఏ పని చేయవలెననియు, నేరస్థజాతివాడని యెంచబడినవానిని ఎట్లు వేఱుగా చూడవలెననియు వ్రాతలు నిలిచియుండెను. సుకన్యా శాంత యను పాత్రికేయురాలు వీనిపై సుప్రీముకోర్టును ఆశ్రయించెను. 2024 అక్టోబరు 3వ తేదీన ప్రధానన్యాయమూర్తి చంద్రచూడ్‌గారి ధర్మాసనము అట్టి నియమములను రాజ్యాంగవిరుద్ధములని కొట్టివేసి, జైలు పుస్తకములనుండి కులపు గడిని తొలగింపుమని ఆజ్ఞాపించెను. విముక్తజాతులవారిని ఇష్టము వచ్చినట్లు నిర్బంధింపరాదని పోలీసువారికిని చెప్పెను. పుట్టుకనుబట్టి మనిషిని నేరస్థుడని వ్రాయుట న్యాయమా యను ప్రశ్నను ఏ న్యాయస్థానమును అడుగరాదని 1871లో శాసించిరి. ఆ ప్రశ్న న్యాయాధిపతుల యెదుట విచారణకు వచ్చి, ఉభయుల వాదములు వినబడి, తీర్పు వెలువడుటకు నూటయేబదిమూడేండ్లు పట్టినది.